మీదే ఊరు బాబూ?

మొన్న ఢిల్లీ నుంచి ఒక కుర్రాడు ఫోన్ చేశాడు. వలసల మీద పరిశోధన చేస్తున్నాడట. "సార్, మీరు ఈ ఫీల్డ్‌లో 40 ఏళ్ళు పనిచేశారని విన్నాను, ఒక్క 15 నిమిషాలు మాట్లాడతారా?" అన్నాడు. లెక్క కట్టుకున్నాను. ఏడాదికి అర నిమిషం కూడా రాదు. అయినా తెలుగు గొంతు కదా అని మర్యాదకి "మీదే ఊరు నాయనా?" అన్నాను. అవతల కాసేపు చప్పుడు లేదు. "గురుగ్రామ్‌లో ఉంటున్నాను సార్." ఉంటున్నది కాదయ్యా, ఊరు. "అంటే... పేరెంట్స్ కూకట్‌పల్లిలో ఉంటారు." వాళ్ళు ఉంటున్నదీ కాదు. ఊరు, ఊరు! "అది డాడీని అడిగి వాట్సాప్ చేస్తాను సార్" అన్నాడు.

ఇంకా చెయ్యలేదు.

మా రోజుల్లో ఆ ప్రశ్నకి తడుముకునేవాడికి క్షేత్రంలో మంచినీళ్ళు పుట్టేవి కావు. నేను 1971లో పిహెచ్.డి.కి చేరాను. నాకు అప్పగించిన చోటు విశాఖపట్నం కంచరపాలెంలో బర్మా క్యాంపు. బర్మాలో నే విన్ అనే సేనాని సైన్యంతో గద్దెనెక్కి, దుకాణాలన్నీ జాతీయం చేసి, 1964లో 50, 100 రూకల నోట్లు ఇక చెల్లవు పొమ్మంటే కట్టుబట్టలతో ఓడెక్కి వచ్చినవాళ్ళు అక్కడ కాపురాలుంటున్నారు. మా గైడుగారు చెప్పింది ఒక్కటే మాట: "మొదటి నెల ఏమీ అడక్కు. పుస్తకం బయటికి తియ్యకు. వెళ్ళు, కూర్చో, టీ ఇస్తే తాగు, ఇవ్వకపోతే మర్నాడు మళ్ళీ వెళ్ళు."

మొదటి రోజే ఒక ముసలావిడ నన్ను పట్టుకుంది. "మీదే ఊరు బాబూ?" చెప్పాను. "ఏ ఈది? ఎవలి మనవడివి? మీ తాత ఏటి సేసీవోడు?" రంగం రేవులో కళాసీ అన్నాను గర్వంగా. రంగం అంటే రంగూన్. శ్రీకాకుళం, విశాఖ పల్లెల్లో ఆ ఊరిని రంగూన్ అన్నవాడిని నేను చూడలేదు. ఆ మాటతో నాకు పీట పడుతుందనుకున్నాను. ఆవిడ చుట్ట నోట్లోంచి తీసి, "ఏ జెట్టీ?" అంది. నాకు తెలియదు. "తాత పన్జేసిన జెట్టీ తెలీదు గానీ మా గురించి పుస్తకం రాసీడానికి వచ్చినాడే" అని లోపలున్న కోడలికి వినిపించేలా చెప్పింది. ఎం.ఎ.లో వచ్చిన బంగారు పతకం ఆ పూట నన్ను కాపాడలేదు. సెలవులకి ఊరెళ్ళి, తాతని అడిగి, జెట్టీ పేరు తెలుసుకుని వచ్చాకే పీట పడింది.

ఇదీ మా శిక్షణ. మేము వాళ్ళని పరిశీలించడానికి ముందు వాళ్ళు మమ్మల్ని పరిశీలించేవారు. ఇప్పటి పిల్లలు రెండు వారాల్లో 'ఫీల్డు' ముగించుకొస్తారు. చేతిలో పలక లాంటి యంత్రం, అందులో 64 ప్రశ్నలు, ఒకటి నొక్కితేగానీ రెండోది తెరుచుకోదు. ఎదుటి మనిషి ఎదురుప్రశ్న వేస్తే ఆ యంత్రంలో దానికి చోటు లేదు.

కాకినాడ, విశాఖపట్నం, భీమునిపట్నం, కళింగపట్నం, బారువ. ఈ రేవులన్నిట్లోంచీ రంగానికి స్టీమర్లు పోయేవి. బర్మావాళ్ళు మనవాళ్ళని కోరంగీలు అనేవారు, గోదావరి మొగలో ఉండిన కోరంగి రేవు పేరు మీద. 1931 జనాభా లెక్కల్లో రంగం పట్నంలో సగానికి పైగా మన దేశపువాళ్ళే. మూటలు మోసేది మనవాళ్ళు, రిక్షా లాగేది మనవాళ్ళు, వడ్లమిల్లులో చెమటోడ్చేదీ మనవాళ్ళే. 1930 మే నెలలో రేవులో తెలుగు కళాసీలు కూలి పెంచమని పని ఆపారు. ఓడల కంపెనీలు వాళ్ళ స్థానంలో బర్మా కూలీలను పెట్టుకున్నాయి. తీరా సమ్మె రాజీ అయ్యాక ఆ బర్మావాళ్ళని పొమ్మన్నారు. ఆ పొమ్మన్న పొద్దుటే రేవులో కత్తులు లేచాయి. వంద మందికి పైగా పోయారు. మా తాత ఆ వారం రోజులూ ఒక గోదాములో బియ్యం బస్తాల వెనక దాక్కున్నాడు. జీవితాంతం కొత్త బియ్యం వాసన వేస్తే లేచి వాకిట్లోకి వెళ్ళిపోయేవాడు.

ఇప్పుడు బహుళ సంస్కృతి మీద సదస్సు లేని నెల లేదు. ఆ మాటకి తాత లాంటి మాట 'బహుళ సమాజం'. దాన్ని లోకానికి ఇచ్చింది ఫర్నివాల్ అనే దొర. బర్మాలో ఐ.సి.ఎస్. అధికారిగా పనిచేసినవాడు. 1939లో జావా మొదలైన డచ్చి దీవుల గురించి రాసిన పుస్తకంలో ఆ మాట వాడాడు, తర్వాత 1948లో బర్మాను దాని పక్కన నిలిపి పోల్చి మళ్ళీ చెప్పాడు. సారాంశం ఏమిటంటే, వలస పాలనలో రకరకాల జాతులవాళ్ళు బజారులో కలుస్తారు, కొంటారు, అమ్ముతారు, ఎవరి గూటికి వాళ్ళు పోతారు. పక్కపక్కన బతుకుతారు గానీ కలిసి బతకరు. నేను అది చదివి ఉబ్బితబ్బిబ్బయ్యాను. మా తాత మోసిన మూటల మీద పుట్టిన సిద్ధాంతం కదా! ఊరెళ్ళి తాతని అరుగు మీద కూర్చోబెట్టి చెప్పాను. అంతా విని, "దొర బజారుకి పగలు వచ్చుంటాడు. రాత్రి రంగం వేరు" అన్నాడు. వంటింట్లో గిన్నె ఒకటి గట్టిగా చప్పుడైంది. తాత ఇక మాట్లాడలేదు. నాయనమ్మే గుమ్మంలోకి వచ్చి అంది: "కలవరంటే ఎలాగురా? మీ నాయిన బొడ్డు కోసింది బర్మాదే. నా దగ్గర పురిటికి మనవాళ్ళెవలున్నారక్కడ?"

మొగుళ్ళ వెంట సముద్రం దాటిన కొద్దిమంది ఆడవాళ్ళలో మా నాయనమ్మ ఒకతె. మా నాన్న 1922లో రంగంలోనే పుట్టాడు. ఫర్నివాల్ సిద్ధాంతాన్ని ఒక్క వాక్యంతో గుమ్మం దగ్గర నిలబెట్టిన మనిషిని నేను థీసిస్‌లో పెట్టలేదు. గైడుగారు కుదరదన్నారు. "నాయనమ్మని ఫుట్‌నోట్‌లో ఎలా పెడతావయ్యా?" అని నవ్వారు. నేనూ నవ్వాను.

కంప్యూటరు అప్పుడెక్కడిది! మనిషికో అట్టకార్డు. కార్డు అంచుల పొడుగునా చిల్లులు. ఒక్కో చిల్లు ఒక్కో జవాబు. జవాబు అవునైతే ఆ చిల్లును అంచుదాకా కత్తిరించి గాటు పెట్టాలి. తర్వాత కార్డులన్నీ కట్టగా పేర్చి, స్వెట్టరు అల్లే సూది లాంటి పుల్లను ఒక చిల్లులోంచి గుచ్చి పైకెత్తి ఊపితే గాటు ఉన్నవి జలజలా రాలేవి, లేనివి పుల్లకి వేలాడేవి. అప్పుచేసి వలసపోయినవాళ్ళెవరు? గుచ్చు, ఎత్తు, ఊపు. వాళ్ళలో చదవడం వచ్చినవాళ్ళెవరు? రాలినవాటిని మళ్ళీ గుచ్చు. ఒక్క పట్టిక తయారవడానికి ఒక ఆదివారం పోయేది. చేతులు నొప్పెట్టేవి. కానీ రాలిపడే ప్రతి కార్డునూ వంగి ఏరుకునేటప్పుడు పేరు కనపడేది. ఓహో, ఈయన ఫలానా, చిన్నకూతురికి పోలియో, అని గుర్తొచ్చేది. ఇప్పుడు నా విద్యార్థి విద్యార్థులు ఒక్క మీట నొక్కి లక్ష మందిని ఊపేస్తారు. కింద వంగి ఏరుకునేవాడు లేడు.

మా ఇంకో ఖజానా పోస్టాఫీసు. వలసల ఊరికి వెళ్ళగానే సర్పంచి దగ్గరికి కాదు, పోస్టుమాన్ దగ్గరికి వెళ్ళేవాళ్ళం. మనియార్డరు ఏ ఊరి నుంచి ఎవరికి ఏ నెలలో ఎంత వచ్చేదో ఆయనకి నోటికొచ్చేది. ఫారం అడుగున చిన్న కూపన్ ముక్కలో నాలుగు మాటలు రాసుకునే చోటుండేది. రాసిపెట్టేది ఒకడు, చదివిపెట్టేది పోస్టుమానే. డబ్బు, సమాచారం, కన్నీళ్ళు మూడూ ఒకే సంచిలో వచ్చేవి. 2015లో ఆ పాత మనియార్డరు ఎత్తేశారు. ఇప్పుడు డబ్బు ఫోన్లో 'టింగ్' మంటుంది. సుఖమే, కాదనను. కమీషన్ కొట్టేసే దళారీ తప్పాడు. కానీ ఆ టింగ్‌ని పక్కన కూర్చుని వినేవాడెవడు?

పాలమూరు నా రెండో పాఠశాల. మహబూబ్‌నగర్ జిల్లా కూలీలు మట్టి తవ్వని ఆనకట్ట ఈ దేశంలో ఎక్కడుందో వెతకాలి. ఊళ్ళో గుంపుమేస్త్రీ ముందుగా అడ్వాన్సు పంచుతాడు. ఆ అడ్వాన్సు తీరేదాకా ఆలుమగలు ఇద్దరూ వాడు చూపిన చోట తట్ట మోయాలి. ముసలివాళ్ళూ పసివాళ్ళూ ఊళ్ళో ఉండిపోతారు. 1979లో పార్లమెంటు అంతర్రాష్ట్ర వలస కూలీల చట్టం చేసింది. ఎంత చక్కటి చట్టమో! మేస్త్రీకి లైసెన్సు ఉండాలి. కూలీకి పాస్‌బుక్కు ఇవ్వాలి. ఊరు విడిచి వచ్చినందుకు నెల కూలిలో సగం గానీ 75 రూపాయలు గానీ, ఏది ఎక్కువైతే అది, విడిగా చేతిలో పెట్టాలి. నేను ఆ చట్టం కాపీ సంచిలో పెట్టుకుని 20 ఏళ్ళు తిరిగాను. ఆ భత్యం అందుకున్న కూలీ ఒక్కడంటే ఒక్కడు కనిపిస్తే కాళ్ళకి మొక్కుదామనుకున్నాను. నడుం వంగకుండానే రిటైరయ్యాను.

ఆ రోజుల్లో నేను చేసిన తప్పొకటి ఇక్కడే చెప్పాలి, లేకపోతే మళ్ళీ ధైర్యం రాదు. ఒక పత్రికలో వ్యాసం రాస్తూ ఒక మేస్త్రీ అప్పుల సంగతంతా పూసగుచ్చినట్టు పెట్టాను. పేరు మార్చాను గానీ ఊరి పేరు, ఇద్దరు భార్యల సంగతి, ఎర్ర రాజ్‌దూత్ బండి, అన్నీ ఉంచాను. ఆ ఊరి బడిపంతులు దాన్ని రచ్చబండ దగ్గర చదివి వినిపించాడట. తర్వాత నేను వెళితే ఆ మేస్త్రీ నా మొహం చూడలేదు. భోజనం మాత్రం పెట్టించాడు. అందుకే ఇప్పటి పిల్లలు అంగీకారపత్రం అని మూడు పేజీల కాగితం మీద వేలిముద్ర వేయించుకుంటుంటే, అది చదవలేనివాడికి ఎందుకురా అని సణుగుతాను గానీ మరీ గొంతు పెంచను.

మా సిద్ధాంతాల సంగతికొస్తే, ప్రతి తరానికీ నాలుగు డబ్బాలు కావాలి. మా నడిప్రాయంలో కెనడా నుంచి జాన్ బెర్రీ అనే సైకాలజీ పండితుడి నాలుగు డబ్బాలు వచ్చాయి. వలస వెళ్ళినవాడు సొంత సంస్కృతిని ఉంచుకుని కొత్తదాన్నీ కలుపుకుంటే ఒక డబ్బా, సొంతది వదిలి కొత్తదాంట్లో కరిగిపోతే ఇంకోటి, కొత్తదాన్ని దగ్గరికి రానివ్వకపోతే మూడోది, రెంటికీ చెడితే నాలుగోది. మంచి డబ్బాలే. వాటిని మోసుకుని భివండీ వెళ్ళాను. కరీంనగర్, వరంగల్ ప్రాంతాల పద్మశాలీలు షోలాపూర్లో, భివండీలో, సూరత్‌లో మగ్గాల మధ్య మూడు తరాలుగా ఉన్నారు. అక్కడ ఒక జోటాల (జోడు మగ్గాల) కార్మికుడు దొరికాడు. ఇంట్లో తెలంగాణ తెలుగు. మగ్గం దగ్గర ఉత్తరప్రదేశ్ వాళ్ళతో హిందీ. రేషన్ ఆఫీసులో మరాఠీ. మార్కండేయుడికి మొక్కు, గణపతికి చందా. కొడుక్కి పిల్లని మాత్రం కరీంనగర్ నుంచే తేవాలి. "అన్నా, నువ్వు మరాఠీవాడివా, తెలుగువాడివా?" అంటే, "పొద్దుట ఎన్ని గంటలకు అడుగుతున్నవ్ సార్?" అన్నాడు. డబ్బాలు నాలుగూ తిరిగి సంచిలో పెట్టుకున్నాను.

ఆ మధ్య 1981లో కౌలాలంపూర్లో రెండో ప్రపంచ తెలుగు మహాసభలు. సగం అప్పు చేసి వెళ్ళాను. సభలో శాలువాలు చూసి విసుగొచ్చి, పెరాక్ వైపు బగాన్ దతో తోటలకి బస్సెక్కాను. కంగాణీ మేస్త్రీలు కూడగట్టి ఓడెక్కించిన తెలుగు కూలీల మనవలు అక్కడ కొబ్బరి తోటల్లో ఉన్నారు. 1938లో మన ప్రభుత్వం మలయాకి కూలీలను పంపడం ఆపేదాకా ఆ రాకడ సాగింది. మలేషియా లెక్కల్లో మలయులు, చైనీయులు, ఇండియన్లు అని మూడు పెద్ద గంపలు. మూడో గంపలో పడ్డ తెలుగువాడు చుట్టూ ఉన్న తమిళుల్లో కలిసిపోయాడు, బళ్ళోనూ తమిళమే చదివాడు. ఒక పెద్దాయన్ని నా అలవాటు ప్రశ్న అడిగాను. ఆయన తెలుగు నా తెలుగుకన్నా ఒక తరం పాతది, మా నాయనమ్మ నోట విన్నటువంటిది. "మా ఊరు బగాన్ దతోనే నాయనా. మా తాత ఊరంటావా? కాయితం మీద ఉండీది. కాయితం ఇప్పుడు లేదు" అన్నాడు. ఆ రాత్రి ఆ ఇంట్లోనే పడుకున్నాను. ఏ సదస్సులోనూ నాకు అంత బహుళ సంస్కృతి కనబడలేదు: గోడ మీద వెంకన్న పటం, దాని పక్కన మలయ్ రాజుగారి పటం, మధ్యలో చైనా కంపెనీ క్యాలెండరు.

అప్పట్లో మా విషయానికి పరువు లేదు. "కూలీల మీద పరిశోధనేమిటండీ, మంచి కులవ్యవస్థ మీదో గ్రామ పరిపాలన మీదో చెయ్యకూడదా?" అని సహోద్యోగులే అనేవారు. హ్యూ టింకర్ 1974లో ఒప్పందపు కూలీల చరిత్రను కొత్తరకం బానిసత్వమని పుస్తకం పేరులోనే తిట్టిపోస్తే, మా లైబ్రరీకి ఆ పుస్తకం తెప్పించడానికి నేను అధికారుల చుట్టూ ఏడాదిన్నర తిరిగాను. ఆ తర్వాత కంప్యూటర్లు వచ్చాయి, మన పిల్లలు అమెరికా వెళ్ళారు, డాలర్లు వచ్చాయి. రాత్రికి రాత్రి కూలీ 'ప్రవాసి' అయ్యాడు, వలస 'డయాస్పోరా' అయింది. 1996లో హైదరాబాద్ విశ్వవిద్యాలయంలో దాని కోసమే ఒక కేంద్రం వెలిసింది. మంచి పని, అక్కడ గట్టివాళ్ళు పనిచేశారు కూడా. 2003 నుంచి జనవరి 9న ప్రవాసీ భారతీయ దివస్. గాంధీగారు దక్షిణాఫ్రికా నుంచి తిరిగొచ్చిన రోజది. ఆ సభల్లో సూట్లు చూస్తుంటే నాకు 1860లో మద్రాసులో 'ట్రూరో' ఓడెక్కి డర్బన్లో దిగినవాళ్ళు గుర్తొచ్చేవారు. పేరు పక్కన అంకె వేసి మరీ దింపారు వాళ్ళని. ప్రవాసి ఆ సూటూ, ప్రవాసి ఈ అంకే. అయితే దుబాయ్‌లో సిమెంటు మోస్తున్న మా సిరిసిల్ల కుర్రాడు ఏమిటి? వాడింకా 'లేబరే'.

ఈమధ్య ఉద్యోగాల్లో ఉన్న పిల్లల్ని చూస్తే మాత్రం కోపం కన్నా జాలి ఎక్కువ. వ్యాసానికి ఇన్ని పాయింట్లు, సదస్సుకి అన్ని పాయింట్లు. రేషన్ కార్డు మీద కిరోసిన్ లెక్కలా ఉంది. నేను నా మొదటి వ్యాసం ఎకనామిక్ అండ్ పొలిటికల్ వీక్లీకి పంపి, జవాబు కోసం తొమ్మిది నెలలు పోస్టుమాన్ సైకిల్ గంట వింటూ కూర్చున్నాను. తిరిగొచ్చింది. తిప్పి రాశాను. ఇప్పుడు డబ్బు కడితే వారంలో అచ్చువేసే పత్రికలున్నాయట. ఒకమ్మాయి తన 11 వ్యాసాల జాబితా చూపించింది. "ఇందులో నీకు నచ్చింది ఏదమ్మా?" అంటే చాలాసేపు ఆలోచించి, "ఇంకా రాయలేదు సార్" అంది. ఆ పిల్ల బాగుపడుతుంది.

లెక్కల గోల ఇంకోటి. 2016-17 ఆర్థిక సర్వేలో రైల్వే రిజర్వేషన్ లేని టికెట్లను బట్టి ఏటా 90 లక్షల మంది రాష్ట్రాలు దాటుతున్నారని అంచనా కట్టారు. తెలివైన పనే, టోపీ తీశాను. కానీ మా పాలమూరు మేస్త్రీ 40 మందిని రైలెక్కించి 25 టికెట్లు కొనేవాడు. అది ఏ కంప్యూటరుకి తెలుసు? పోనీ అసలు జనగణన చూద్దామంటే, 1881 నుంచి పదేళ్ళకోసారి తప్పకుండా వస్తున్న లెక్క, ప్రపంచయుద్ధం నడుమ 1941లో కూడా ఏదో విధంగా జరిగిన లెక్క, 2021లో జరగలేదు. సరిగ్గా దేశమంతా వలస కూలీలని మొదటిసారి టీవీలో చూసిన మర్నాడే.

2020 మార్చి 24 రాత్రి నాలుగు గంటల గడువిచ్చి దేశం తలుపులు మూసినప్పుడు టీవీవాళ్ళు నాకు ఫోన్లు చేశారు. "ఇంతమంది ఎక్కడి నుంచి వచ్చారు సార్?" అని అడిగింది ఒక యాంకరమ్మ. వాళ్ళు ఎక్కడి నుంచీ రాలేదమ్మా, నీ స్టూడియో కట్టింది వాళ్ళే అన్నాను. ఆ ముక్క ప్రసారం కాలేదు. నాకు మా నాన్న గుర్తొచ్చాడు. 1941 డిసెంబరు 23న రంగం మీద జపాను బాంబులు పడ్డాయి. 1938లో రంగంలో మళ్ళీ గొడవలు రేగాక నాయనమ్మ ముందే ఓడెక్కి వచ్చేసింది. నాన్నా తాతా మాత్రం 1942లో ప్రోమ్ నుంచి కొండ దారిన అరకాన్ వైపు నడిచారు. దారిలో చచ్చినవాళ్ళ లెక్క తెల్లవాళ్ళు సరిగ్గా పెట్టలేదని నేను థీసిస్‌లో ఒక అధ్యాయమంతా దుమ్మెత్తిపోశాను. 2020 సెప్టెంబరులో, దారిలో చనిపోయిన వలస కూలీల లెక్క మా దగ్గర లేదని మన ప్రభుత్వం పార్లమెంటులో చెప్పింది. ఆ వార్త చదివి నా అధ్యాయం తీసి చూసుకున్నాను. తేదీలు మారిస్తే సరిపోయేది.

బహుళ సంస్కృతి పాఠం నేను ఇరవై ఏళ్ళు చెప్పాను. 1971లో కెనడా దాన్ని ప్రభుత్వ విధానంగా ప్రకటించిన సంగతి, 1988లో చట్టం చేసిన సంగతి, ఆస్ట్రేలియా తెల్లవాళ్ళకే అన్న పాత విధానాన్ని 1973లో పూర్తిగా వదిలించుకున్న సంగతి. పిల్లలు చక్కగా రాసుకునేవారు. ఒకసారి పక్క జిల్లా నుంచి వచ్చి చేరిన ఒకబ్బాయి వరసగా క్లాసులకి రావడం మానేశాడు. ఏమయ్యా అంటే, అద్దెగది కోసం తిరుగుతున్నానన్నాడు. "ఇంటాయన 'మీదే ఊరు బాబూ?' అని ఎంతో ప్రేమగా అడుగుతాడు సార్. ఊరు చెప్పినంతసేపూ గది ఖాళీ. 'మీరేమిటోళ్ళు?' అన్న రెండో ప్రశ్న అయ్యాక ఆ గదిలోకి వాళ్ళ అల్లుడొస్తున్నాడట. నాలుగు వీధుల్లో నలుగురు అల్లుళ్ళు సార్." నేను జీవితమంతా ముద్దుగా అడిగిన ప్రశ్న వెనకాల అలా ఇంకోటి నిలబడి ఉంటుందని నాకు తెలియక కాదు. నాకు ఎప్పుడూ గది దొరికింది, అంతే. కెనడా పాఠం ఆ ఏడాది కొంచెం తొందరగా ముగించాను.

రిటైరవడానికి ముందు నా ఆఖరి పరిశోధక విద్యార్థిని ఒకమ్మాయి పాత కార్డులు చూస్తానంది. మా నాయనమ్మ రంగం నుంచి తెచ్చిన టేకు పెట్టెలో ఉండేవి. మా ఇంట్లో దాన్ని రంగం పెట్టె అంటాం. అమ్మాయి మూడు రోజులు నేల మీద కూర్చుని కట్టలు విప్పింది. నాలుగో రోజు కొబ్బరితాడుతో కట్టిన లావుపాటి బొత్తి ఒకటి నా ముందు పెట్టింది. పైన కాగితం మీద నా చేతిరాత: 'పెళ్ళి — వద్దు'.

వివరించాను. ఊరు మారడానికి కారణం పెళ్ళి అయితే అది వలస కాదమ్మా, ఆచారం. పుల్ల గుచ్చి ఊపినప్పుడు ముందుగా వాటిని రాల్చేసి పక్కన పెట్టేవాళ్ళం, అసలు విషయం మిగలడానికి. ఆ అమ్మాయి విని, మెల్లిగా అంది: "సార్, ఈ దేశంలో వలస వెళ్ళినవాళ్ళలో ఎక్కువమంది ఆడవాళ్ళే. జనాభా లెక్కలే చెప్తాయి. వాళ్ళలో ఎక్కువమంది కారణం ఇదే. మీరు అసలు విషయాన్ని తాడుతో కట్టి పెట్టెలో పెట్టారు." మా గైడుగారి తరంలో అయితే విద్యార్థి గైడుతో ఇలా మాట్లాడేవాడా? నోరెత్తితే సంతకం ఆగిపోయేది. నేను ఏమీ అనలేక, టీ తాగుతావా అన్నాను. తర్వాత 2011 లెక్కలు వచ్చాయి. 45 కోట్ల పైచిలుకు వలసజీవులు, సింహభాగం ఆడవాళ్ళు, అందులో పెళ్ళివే ఎక్కువ. అంకెలు చూసి కళ్ళజోడు తుడుచుకున్నాను. కొత్త ఊరు, కొత్త యాస, కొత్త దేవుడు, కొత్త వంట, పొద్దున్నే లేచేసరికి చుట్టూ తెలియని మొహాలు. బెర్రీ డబ్బాలు నాలుగూ ఏ కోడలి కార్డు తీసినా సరిపోయేవి. భివండీ దాకా మోసుకెళ్ళాను.

ఆ అమ్మాయి ఇప్పుడు ఎక్కడో పాఠాలు చెబుతోంది. పోయిన నెల వచ్చింది, చేతిలో అదే పలక. రంగం కుటుంబాల మీద ఏదో ప్రాజెక్టట, నన్ను ఇంటర్వ్యూ చేస్తుందట. అంగీకారపత్రం మూడు పేజీలూ చదివి, రెండు అచ్చుతప్పులు దిద్ది సంతకం పెట్టాను.

"నాన్నగారు పుట్టిన చోటు సార్?"

"రంగం."

"మయన్మార్ అని వస్తోంది సార్ ఇందులో."

"మయన్మార్ ఎక్కడిదమ్మా, ఆ పేరు 1989లో వచ్చింది. మా నాన్న పుట్టింది 1922లో. రంగం అని రాయి."

"ఇందులో రాయడానికి ఉండదు సార్, నొక్కడమే."

నేను సణుగుతుండగానే నొక్కేసింది. తర్వాతి ప్రశ్న తెరుచుకుంది.

"అమ్మగారు పుట్టిన ఊరు?"

నాగావళి అవతలి ఒడ్డున మా తాతయ్యగారి ఊరి పేరు చెప్పాను. ఈ మాత్రం నాకు తెలుసు కదా అన్నట్టు కాస్త బిగ్గరగానే చెప్పాను.

"అక్కడి నుంచి మీ ఊరికి ఏ ఏడాది వచ్చారు సార్?"

"పెళ్ళయ్యాక."

"ఏ ఏడాది?"

యుద్ధం అయిపోయిన కొత్తలో అయుండాలి. కాకపోతే ఆ ముందేడు.

"అప్పటికి ఆవిడ వయసు? ఎలా వచ్చారు, బండి మీదా, నడిచా? ఎవరు తీసుకొచ్చారు? వచ్చాక మొదటిసారి పుట్టింటికి వెళ్ళింది ఎన్నాళ్ళకి?"

మా అమ్మ 2003 దాకా బతికింది. చివరి పన్నెండేళ్ళూ నా దగ్గరే, ఇదే గదిలో, ఆ కిటికీ పక్క మంచం మీద.

"అమ్మాయ్, అందులో 'తెలియదు' అనే గడి ఉందా?"

"ఉంది సార్."

"నొక్కు."